‘డ్రీ యువర్ వియర్డ్’ అంటే ఏమిటి? అక్కడ ‘కర్మ’ అని పెట్టొచ్చా?

ముందు మీ ప్రశ్నను ఒకసారి చెప్పుకుందాం, కొత్తగా చదివేవాళ్లకు కూడా అర్థమవుతుంది. మీరు స్కాట్లండ్ నేపథ్యంలో ఉన్న పాత కథ ఒకటి తెలుగులోకి తెస్తున్నారు. అందులో ఊరు వదిలి వెళ్లిపోతున్న మనవడితో ముసలమ్మ ‘యు మన్ డ్రీ యువర్ వియర్డ్’ అంటుంది. డిక్షనరీ చూస్తే ‘వియర్డ్’ అంటే వింత, విచిత్రం అని ఉంది, వాక్యానికి అతకడం లేదు. స్నేహితులొకరు ‘కర్మ’ అని పెట్టెయ్యమన్నారు. అలా పెట్టొచ్చా, ఇంగ్లిష్‌లో మనం రాసేటప్పుడు ‘ఫేట్’ బదులు ఈ మాట వాడొచ్చా అని అడిగారు.

సూటిగా చెప్పాలంటే: ఇక్కడ ‘వియర్డ్’ విశేషణం కాదు, నామవాచకం. ఒక మనిషి వంతుకు వచ్చిన రాత అని అర్థం. ‘డ్రీ’ అంటే అనుభవించడం, భరించడం. ‘మన్’ స్కాట్స్ మాట, అంటే స్కాట్లండ్ వాళ్ల భాషలోది, ‘తప్పదు, చెయ్యాల్సిందే’ అని. కాబట్టి ముసలమ్మ అన్నది ‘నీ రాత నువ్వు అనుభవించాల్సిందే’ అని. ‘కర్మ’ పెట్టకండి, ‘రాత’ పెట్టండి. ఇక ఈరోజు మామూలు ఇంగ్లిష్‌లో ఫేట్ బదులు దీన్ని వాడొద్దు, చదివినవాళ్లకు తప్పుగానే అర్థమవుతుంది.

ఇంతటితో మీ పని అయిపోతుంది. కానీ ఎందుకలా అన్నది తెలిస్తే కథలో ఈ మాట ఇంకోచోట ఇంకో రూపంలో తగిలినప్పుడు ఆగిపోరు, పైగా నాకు ఈ మాట మీద చాలా ఇష్టం, అందుకని కాస్త వివరంగా రాస్తున్నాను. డిగ్రీ కాలేజీలో ఇంగ్లిష్ పాఠాలు చెబుతూ, పక్కన అనువాదాలు చేస్తూ, ఇతరుల అనువాదాలు దిద్దుతూ వచ్చినదాన్ని కాబట్టి రెండు వైపులా దీనితో నాకు పని పడింది.

పాత ఇంగ్లిష్‌లో దీని రూపం ‘వుయుర్ద్’. ‘అవడం, జరగడం’ అనే అర్థం ఉన్న క్రియ నుంచి పుట్టింది. అందుకే పాత గ్రంథాల్లో కొన్నిచోట్ల దీనికి విధి అనే బరువైన అర్థం కూడా ఉండదు, ఊరికే ‘జరిగిన సంగతి’ అని మాత్రమే ఉంటుంది. ఆ క్రియకు ఇంకా వెనక్కి వెళితే ‘తిరగడం’ అనే అర్థమున్న మూలధాతువు ఉంది. లాటిన్‌లో తిప్పడానికి వాడే ‘వెర్తెరే’, సంస్కృతంలోని ‘వృత్’ ధాతువు దానికి చుట్టాలే. అంటే మనం రోజూ అనే వర్తించు, వర్తమానం, వృత్తం వగైరాలు ఈ ‘వియర్డ్’కు దూరపు బంధువులన్నమాట. మాటల పోలిక చూసి ఎవరో కల్పించిన కథ కాదిది, భాషాశాస్త్రం ఒప్పుకున్న సంబంధమే.

ఇంకొకటి చూడండి. ఐస్‌లాండ్‌లో రాసిపెట్టిన పాత నార్స్ పురాణాల్లో మనుషుల జాతకాలు నిర్ణయించే ముగ్గురు స్త్రీలు ఉంటారు, నార్న్‌లు అంటారు. వాళ్ల పేర్లు ఉర్ద్, వెర్దాందీ, స్కుల్ద్. ఉర్ద్ అంటే అచ్చంగా మన వుయుర్దే, నార్స్ ఉచ్చారణలో. వెర్దాందీ అంటే ‘జరుగుతున్నది’, అదే క్రియకు వర్తమాన రూపం. సంస్కృతంలో ‘వర్తమాన’ కూడా వృత్ ధాతువుకు సరిగ్గా అలాంటి రూపమే. స్కుల్ద్ వేరే మాట, దానికి ‘చెల్లించాల్సిన బాకీ’ అన్న అర్థం ఉంది, మనవాళ్లు ఋణానుబంధం అంటారే, ఆ ఛాయ. ఒక నార్స్ కావ్యంలో హెల్గి అనే వీరుడు పుట్టిన రాత్రి ఈ నార్న్‌లు వచ్చి ఆ బిడ్డ జీవితం ఎలా ఉండాలో పేనుతారు. బ్రహ్మ నుదుటి మీద రాశాడనే మాట విని పెరిగిన తెలుగు పాఠకుడికి ఆ దృశ్యం విడమరిచి చెప్పక్కర్లేదు.

ఇప్పుడు అసలు గ్రంథాల్లో ఈ మాట ఎలా ఉందో చూద్దాం. బేవుల్ఫ్ అనే పాత ఇంగ్లిష్ కావ్యంలో గ్రెండెల్ అనే రాక్షసుడితో తలపడే ముందు వీరుడు తన మాట ముగిస్తూ ‘విధి ఎప్పుడూ తాను వెళ్లాల్సినట్టే వెళుతుంది’ అంటాడు. ఇంతవరకే చదివితే చేతులు ముడుచుకుని కూర్చున్నవాడి మాటలా ఉంటుంది. కానీ కాస్త ముందుకు వెళితే అదే మనిషి ‘చావు రాసిపెట్టి లేనివాడిని, వాడిలో ధైర్యం నిలిచి ఉంటే, విధి తరచుగా కాపాడుతుంది’ అంటాడు. ఈ రెండో వాక్యం నాకు చాలా ముఖ్యం. గాలిలో దీపం పెట్టి దేవుడా నీదే భారం అనే ధోరణి కాదది. విధి ఉంది, దాని ముందు నిలబడాల్సిన మనిషీ ఉన్నాడు. ‘డ్రీ’ అనే క్రియ పక్కన చేరినప్పుడు ఈ ‘నిలబడటం’ అనేదే ముందుకొస్తుంది.

క్రైస్తవం వచ్చాక ఈ మాటను ఏం చెయ్యాలన్న ప్రశ్న వచ్చింది. బోయీథియస్ అనే రోమన్ తాత్వికుడు లాటిన్‌లో రాసిన గ్రంథానికి ఆల్ఫ్రెడ్ రాజు పేరు మీద ఉన్న పాత ఇంగ్లిష్ అనువాదంలో దీనికి జవాబుంది: మనం వుయుర్ద్ అని పిలిచేది దేవుడు ప్రతిరోజూ చేసే పనే. చూశారా, మాట అలాగే ఉంది, యజమాని మారాడు. మనకూ ‘దైవం’ అంటే దేవుడు, విధి, రెండూను. ‘దైవం ఒకటి తలిచాడు’ అన్నప్పుడు, ‘దైవం అనుకూలించలేదు’ అన్నప్పుడు ఒక్కటే అర్థమా? కాదు కదా.

ఇంగ్లిష్ కవి చాసర్ కాలానికి, అంటే పద్నాలుగో శతాబ్దానికి, మాట ఇంకా బతికే ఉంది. ఒక కావ్యంలో ఆయన అదృష్ట దేవతను ‘వియర్డ్‌లను అమలు చేసేది’ అని పిలుస్తాడు. అంటే ‘రాతలు’ ఎక్కడో పైన ఉంటాయి, అదృష్టం వాటిని అమలుపరిచే అధికారి. ఆ తర్వాత ఇంగ్లండ్ దక్షిణాన ఇది మెల్లగా వాడుక తప్పింది. ఉత్తరాన, స్కాట్లండ్‌లో మాత్రం నిలిచింది. మీ కథలో ముసలమ్మ నోట్లో ఉన్నది అలా మిగిలినదే.

మరి ‘వింత’ అనే అర్థం ఎక్కడి నుంచి వచ్చింది? ఒక్క నాటకం వల్ల. షేక్స్‌పియర్ రాసిన మాక్‌బెత్. అందులో ముగ్గురు స్త్రీలు తమను తాము ‘వియర్డ్ సిస్టర్స్’ అని చెప్పుకుంటారు. షేక్స్‌పియర్‌కు ఆ మాట హోలిన్‌షెడ్ రాసిన చరిత్ర పుస్తకంలో దొరికింది, ఆయన అక్కడే వివరణ కూడా ఇచ్చాడు, ‘అంటే విధి దేవతలు అనుకోవచ్చు’ అని. స్కాట్లండ్ కవులు గ్రీకు, రోమన్ పురాణాల్లోని ముగ్గురు విధి దేవతలకు అప్పటికే ఈ పేరు వాడుతున్నారు. కాబట్టి ‘వియర్డ్ సిస్టర్స్’ అంటే విధి సోదరీమణులు, వింత సోదరీమణులు కాదు. కానీ 1623లో నాటకం తొలిసారి అచ్చయినప్పుడు ఈ మాటను ‘వేవర్డ్’ అనీ ‘వేయర్డ్’ అనీ అచ్చు వేశారు. మొదటిది చూస్తే మొండివాళ్లు, మాట విననివాళ్లు అన్నట్టు ఉంటుంది. 1733లో థియోబాల్డ్ అనే సంపాదకుడు హోలిన్‌షెడ్‌తో పోల్చి చూసి ‘వియర్డ్’ అని దిద్దాడు, ఈరోజు మనం చదివేది ఆ దిద్దుబాటే.

ఇక మాట అర్థం తెలియని జనం ఆ నాటకం చూసి ఏమనుకుంటారు? వేదిక మీద ఎండిపోయిన శరీరాలు, గడ్డాలున్న ఆడవాళ్లు, ఈ లోకపు మనుషుల్లా లేని వేషాలు. నాటకంలో మాక్‌బెత్ తోటి సేనాని బాంకో కూడా అదే అంటాడు. చూసినదాన్ని బట్టి ‘వియర్డ్’ అంటే ఇలా గగుర్పాటు కలిగించేది కాబోలు అనుకున్నారు. పంతొమ్మిదో శతాబ్దం మొదట్లో రొమాంటిక్ కవులు ఆ అర్థంలోనే వాడారు, షెల్లీ 1816లో అచ్చయిన కావ్యంలో రాత్రి నిశ్శబ్దం చేసే చప్పుడును ‘వియర్డ్’ అన్నాడు. అక్కడి నుంచి గగుర్పాటు కూడా పలచబడి, ‘వాడు కాస్త వియర్డ్ అండీ’ అని మనం ఆఫీసులో అనే స్థాయికి దిగింది.

పరీక్ష పేపర్లు దిద్దేటప్పుడు ‘విచిత్రమైన అక్కచెల్లెళ్లు’ అనే అర్థంతో రాసిన జవాబులు నేను చాలా చూశాను, గైడ్లలోనూ అలాగే ఉంటుంది. పిల్లల తప్పు లేదు, కానీ దీనివల్ల నాటకంలో ముఖ్యమైన ప్రశ్నే పోతుంది. వాళ్లు వింత మనుషులు మాత్రమే అయితే మాక్‌బెత్ ఒక మోసానికి బలైనవాడు. వాళ్లు విధి దేవతలైతే? రాజువవుతావని వాళ్లు చెప్పారు గానీ, అప్పటి రాజు డంకన్‌ను చంపమని ఎక్కడా చెప్పలేదు. మాక్‌బెత్ కూడా ఒకచోట, రాజయ్యే రాత ఉంటే నేను కదలకుండానే కిరీటం వస్తుందేమో అనుకుంటాడు. తర్వాత కదిలాడు. రాత ఎంత, చేత ఎంత అన్నది అక్కడ పడుతుంది ముడి. క్లాసులో ఈ ఒక్క మాట అసలు అర్థం చెప్పాక పిల్లలు వాదించుకోవడం మొదలుపెడతారు, పాఠం చెప్పేవాళ్లకు అంతకంటే ఏం కావాలి?

ఇప్పుడు కర్మ సంగతి. మీ స్నేహితులు చెప్పింది తోచని మాటేమీ కాదు, చాలామందికి మొదట వచ్చేది అదే. కానీ కర్మ అంటే లెక్క. ఈ జన్మలోనో, పోయిన జన్మలోనో చేసినదానికి ఫలం. వియర్డ్‌లో ఆ లెక్క లేదు. నీకెందుకు వచ్చిందో ఎవరూ చెప్పరు, నువ్వేం చేశావని ఎవరూ అడగరు, అది నీ వంతు, అంతే. ఒక అనువాదం దిద్దుతుంటే సరిగ్గా ఇదే మాట దగ్గర రచయిత ‘నీ కర్మ ఫలం నువ్వు అనుభవించాలి నాయనా’ అని పెట్టారు. కథలో ఆ కుర్రవాడు ఏ పాపమూ ఎరగడు, తండ్రి పోయాడు, భూమి పోయింది, వలస పోతున్నాడు. తెలుగులో ఆ వాక్యం చదివితే ముసలమ్మ వాణ్ని నిందిస్తున్నట్టు ఉంది! మూలంలో ఆమె కడుపు తరుక్కుపోయి అంటోంది. ‘నీ రాత నువ్వు అనుభవించాలి నాయనా’ అని ఒక్క మాట మార్చగానే నింద పోయి జాలి వచ్చింది.

అయితే ఇక్కడొక మెలిక ఉంది. ‘కర్మ’ వేరు, ‘ఖర్మ’ వేరు. మనింట్లో ‘నా ఖర్మ!’ అని నుదురు కొట్టుకునేవాళ్లెవరూ పూర్వజన్మ లెక్కలు తీయడం లేదు. ‘ఖర్మ కాలి ఆ బస్సెక్కాను’ అంటే దురదృష్టం కొద్దీ అనే. వాడుకలో ఆ మాట సిద్ధాంతాన్ని వదిలేసి తలరాత దగ్గరికి వచ్చేసింది. కాబట్టి విసుగ్గా మాట్లాడే పాత్ర సంభాషణలో ‘నీ ఖర్మ, అనుభవించు’ అని రావొచ్చు. కానీ అందులో ‘నాకేం, నీ చావు నువ్వు చావు’ అనే విసురు ఉంటుంది. మీ ముసలమ్మ అలా విసిరేసే మనిషేనా? కాదనుకుంటే వద్దు.

మిగతా మాటలు కూడా ఒకసారి తూచి చూస్తే మంచిది. ‘విధి’ అర్థానికి సరిపోతుంది కానీ పల్లెటూరి ముసలమ్మ నోట్లో పుస్తకాల మాటలా ఉంటుంది, పైగా ఉద్యోగ విధులు, విధివిధానాలు గుర్తొస్తాయి. కథకుడి వాక్యంలో అయితే పర్వాలేదు. ‘అదృష్టం’ వద్దు, మంచి జరిగితేనే అదృష్టం అంటున్నాం ఇప్పుడు. ‘ప్రాప్తం’ దగ్గరగా ఉంటుంది గానీ అది దక్కడం, దక్కకపోవడం గురించి, ‘ఆ తిండి తినే ప్రాప్తం లేదు’ అన్నట్టు. తెలంగాణ యాసలో అనువదిస్తే ‘నసీబ్’ చక్కగా కూర్చుంటుంది, ‘నీ నసీబ్ల ఏముంటె గది’ అంటే ఎవరికీ అర్థం చెప్పక్కర్లేదు. నసీబ్, కిస్మత్ రెండింటికీ అరబ్బీలో మూలార్థం వంతు, వాటా అనే. ఉర్దూ మీదుగా మనకు వచ్చిన కిస్మత్తే తుర్కీ మీదుగా ‘కిస్మెట్’ అయి ఇంగ్లిష్‌లోకి వెళ్లింది. గ్రీకుల ‘మొయిరా’ కూడా వంతే. మన ‘భాగ్యం’లో ఉన్నది భాగమే. ఇన్ని భాషలవాళ్లు తలరాతను పంచిపెట్టిన వాటాగా ఊహించుకున్నారు. అందుకే వియర్డ్‌ను నేను ‘వంతుకు వచ్చిన రాత’ అని పైన రాశాను.

‘డ్రీ’ని వదిలెయ్యొద్దు. చాలామంది ‘తలరాత తప్పదు’ అని ముగిస్తారు. అది సగమే. తప్పదు అనేది రాత గురించిన మాట, అనుభవించాలి అనేది మనిషి గురించిన మాట. మూలంలో బరువు మనిషి మీద ఉంది. ‘డ్రీ’, ‘వియర్డ్’ రెండూ కలిసే వస్తాయి, స్కాట్స్‌లో అదొక జాతీయం, విడదీసి ‘డ్రీ’ని ఇంకెక్కడో వాడటం బాగా తక్కువ.

ఒక ఉదాహరణ చెబుతాను. థామస్ ది రైమర్ అనే స్కాటిష్ బ్యాలడ్‌లో, అంటే కథ చెప్పే జానపద గేయంలో, థామస్ హంట్లీ గట్టు మీద పడుకుని ఉంటే పచ్చ పట్టు బట్టలు కట్టిన స్త్రీ ఎయిల్డన్ చెట్టు దగ్గర గుర్రం మీద వస్తుంది. గుర్రం జూలులో ప్రతి పాయకూ వెండి గంటలు. ఆమె యక్షిణుల రాణి. నన్ను ముద్దు పెట్టుకునే ధైర్యం ఉంటే పెట్టుకో, పెట్టుకుంటే నీ ఒళ్లు నాదవుతుంది అంటుంది. స్కాట్లండ్ రచయిత వాల్టర్ స్కాట్ సేకరించి అచ్చు వేసిన పాఠంలో థామస్ జవాబు ఇది: మంచే రానీ, చెడే రానీ, ఆ వియర్డ్ నన్ను బెదరగొట్టలేదు. అని ముద్దు పెట్టుకుంటాడు, ఏడేళ్లు ఆమె కొలువులో ఉంటాడు. ఇక్కడ ‘వియర్డ్’ను వింత అని చదివితే పద్యం చచ్చిపోతుంది. ‘కర్మ’ అని చదివినా అంతే, వాడు ఇప్పుడు కళ్లు తెరిచి నెత్తిన పెట్టుకుంటున్నది పాత బాకీ కాదు. ‘ఆ రాతకు నేను జడవను’ అంటే సరిపోతుంది.

బ్యాలడ్‌ల మాట వచ్చింది కాబట్టి ఇంకో జాగ్రత్త. స్కాట్స్‌లో ‘వియర్డ్’ క్రియగా కూడా ఉంది. ఒకరు ఇంకొకరిని ‘వియర్డ్’ చేస్తే, వాళ్లకు ఒక గతి పట్టేలా మాట విసిరారని అర్థం. ఒక బ్యాలడ్‌లో సవతి తల్లి సవతి కూతుర్ని క్రూరమృగంగా మారిపొమ్మని అంటుంది, అక్కడ ఇదే క్రియ. అప్పుడు రాత, గీత అని తంటాలు పడొద్దు, శుభ్రంగా ‘శపించింది’ అనండి.

ఇలాంటి కథల్లో మీకు తప్పకుండా తగిలే ఇంకో మాట ‘ఫే’. ఇప్పటి డిక్షనరీలు దీనికి కలలో తేలుతున్నట్టుండే, దేవకన్యల్లాంటి అని మొదలుపెడతాయి. అది ‘యక్షిణి’ అనే అర్థమున్న వేరే మాటతో ఉచ్చారణ కలవడం వల్ల వచ్చి చేరింది. స్కాట్స్‌లో దాని పాత అర్థం చావు దగ్గరపడినవాడు. మనవాళ్లు నూకలు చెల్లాయి అంటారు కదా, సరిగ్గా అది. చావబోయే మనిషి ఉన్నట్టుండి మితిమీరిన హుషారు చూపిస్తే దాన్ని కూడా ఫే అంటారు. స్కాట్ 1815లో రాసిన నవలలో సుంకాల అధికారి ఒకడు అలా ఊగిపోతుంటే తోటమాలి ఈ మాట అంటాడు, ఆ అధికారి అదే రోజు హతమవుతాడు. అక్కడ నేనైతే ఆరిపోయే దీపానికి వెలుగెక్కువ అన్న మాటను ఆధారం చేసుకుంటాను. మొహం చూసి చెప్పే సందర్భమైతే ‘చావు కళ’ ఉండనే ఉంది.

ఇక మీ రెండో ప్రశ్న, ఇంగ్లిష్‌లో మనం వాడొచ్చా అని. అమెరికా యూనివర్సిటీకి అప్లై చేస్తున్న ఒక అమ్మాయి తన వ్యాసం చూడమని పంపింది. ఇంజనీరింగ్‌లోకి రావడం ‘నా వియర్డ్’ అని రాసింది, ఎక్కడో పర్యాయపదాల పట్టికలో ఫేట్ పక్కన ఈ మాట చూసి. అర్థం ప్రకారం తప్పు లేదు. కానీ చదివే ప్రొఫెసర్‌కు అక్కడ ఏదో మాట ఎగిరిపోయిందనే అనిపిస్తుంది. తీసేయమన్నాను, ఫేట్ కూడా వద్దు, ఎందుకు ఆ కోర్సు ఇష్టమో రాయమన్నాను. డిక్షనరీలో ‘స్కాటిష్’, ‘ఆర్కాయిక్’ (వాడుక తప్పినది) అని పక్కన గుర్తు ఉన్న మాటను చదవడానికి నేర్చుకోండి, రాయడానికి కాదు. పాత కాలం కథ ఇంగ్లిష్‌లో మీరే రాస్తుంటే, అందులో పాత్ర స్కాట్లండ్ మనిషైతే వాడుకోండి, అప్పుడు కూడా ‘హిజ్ వియర్డ్’, ‘మై వియర్డ్’ అని ఎవరిదో చెబుతూ వాడాలి. ఈమధ్య ఫాంటసీ రచయితలు పాత స్పెల్లింగ్ తెచ్చి ‘వైతో వియర్డ్’ రాస్తున్నారు, ‘ఈ, ఐ’ అక్షరాల బదులు ‘వై’ ఉంటే అది కావాలని తెచ్చిన పాత అర్థమేనని గుర్తుపట్టొచ్చు.

మీ వాక్యానికి నా సూచన: ‘నీ రాత నువ్వే అనుభవించాలిరా నాయనా.’ ముసలమ్మ కాస్త గట్టి మనిషైతే ‘రాసిపెట్టింది అనుభవించాల్సిందే, ఏడ్చి ఏం లాభం, బయల్దేరు’ అని కూడా రావొచ్చు, కానీ ఆ ‘బయల్దేరు’కు మూలంలో ఆధారం ఉండాలి. ఆ మాటకు ముందూ వెనకా ఉన్న పేరా ఇక్కడ పెట్టండి. మనవడు దానికి ఏం జవాబు చెప్పాడన్నది ముఖ్యం, వాడు ఊరుకున్నాడా, ఎదురు చెప్పాడా అన్నదాన్ని బట్టి ఈ రెండిట్లో ఏది నిలుస్తుందో చెప్పగలను.